13వ సవరణ ఓటింగ్: సభలో జరిగిందేమిటి, తెర మీద కనిపించిందేమిటి

2013 ఫిబ్రవరిలో కనెక్టికట్‌కు చెందిన అమెరికా కాంగ్రెస్ సభ్యుడు జో కోర్ట్నీ దర్శకుడు స్పీల్‌బర్గ్‌కు, ఆయన సినిమాలోని ఒక తప్పును ఎత్తిచూపుతూ లేఖ రాశారు. అంతకు కొన్ని నెలల ముందు వచ్చిన ‘లింకన్’ సినిమాలో, బానిసత్వాన్ని రద్దు చేసే అమెరికా రాజ్యాంగ 13వ సవరణకు కనెక్టికట్ ప్రతినిధులు ఇద్దరు వ్యతిరేకంగా ఓటేస్తారు. నిజానికి ఆ రాష్ట్రం నుంచి ఉన్న నలుగురూ అనుకూలంగానే వేశారు. సవరణ ఎంత తక్కువ తేడాతో నెగ్గిందో తెలియడానికే అలా మార్చానని, అందుకే ఆ ఇద్దరికీ కల్పిత పేర్లు పెట్టానని రచయిత టోనీ కుష్నర్ బదులిచ్చారు.

ఈ వాదన నాకు మింగుడుపడదు. టెన్షన్ అసలు చరిత్రలోనే కావలసినంత ఉంది. 1864 ఏప్రిల్‌లో కాంగ్రెస్ ఎగువ సభ అయిన సెనేట్ 38-6తో ఆమోదించిన సవరణ, జూన్‌లో దిగువ సభ అయిన ప్రతినిధుల సభలో మూడింట రెండు వంతుల మద్దతు దొరకక వీగిపోయింది. 1865 జనవరి 31న మళ్లీ ఓటింగ్ పెడితే 119-56తో గట్టెక్కింది. కావలసినదానికన్నా రెండే ఓట్లు ఎక్కువ! పైగా ఓటేయడానికి పిలిచింది సభ్యుల పేర్ల అక్షరక్రమంలో. సినిమాలోలా రాష్ట్రాలవారీగా కాదు.

తెర మీద చూసింది జనం ఊరికే వదిలేయరు. మిసిసిపీ రాష్ట్రం 1995లో ఈ సవరణను ఆమోదించినా, ఆ కాగితం కేంద్రానికి చేరనే లేదు. ఈ సినిమా చూసి, భారత్ నుంచి వెళ్లి అక్కడ స్థిరపడిన ఒక ప్రొఫెసర్ ఆరా తీస్తేనే సంగతి బయటపడి, 2013లో ఆ లెక్క సరిచేశారు.

అసలు లోటు ఓట్ల లెక్కలో కాదు, కథ ఎవరి చుట్టూ తిరిగిందన్నదాంట్లో ఉంది. సినిమాలో నల్లజాతివారు ఎక్కువగా ఎదురుచూసేవాళ్లుగానే మిగిలారని చరిత్రకారిణి కేట్ మసూర్ అప్పుడే విమర్శించారు. సవరణ వెనుక వీధుల్లో ఎంత పని జరిగిందో చూడండి. మహిళా హక్కుల నేతలు ఎలిజబెత్ కేడీ స్టాంటన్, సుసాన్ బి. ఆంథోనీ నడిపిన మహిళల సంఘం బానిసత్వ రద్దు కోరుతూ ఊరూరా సంతకాలు సేకరించింది. 1864 ఫిబ్రవరి 9న ఇద్దరు నల్లజాతి పురుషులు లక్ష సంతకాల కట్టలను మోసుకొచ్చి బానిసత్వ వ్యతిరేకి అయిన సెనేటర్ సమ్నర్ బల్ల మీద పెట్టారు. అంతకన్నా మంచి సన్నివేశం ఏ రచయితకు దొరుకుతుంది?

ఓటింగ్ జరిగిన రెండు వారాల్లోపే, ఫిబ్రవరి 12న, బానిసగా పుట్టిన పాస్టర్ హెన్రీ హైలాండ్ గార్నెట్ అదే ప్రతినిధుల సభలో ప్రసంగించారు. అక్కడ మాట్లాడిన తొలి నల్లజాతి వ్యక్తి ఆయనే. సినిమాలో ఆయన ఊసే లేదు.