చేదును మచ్చిక చేసే కాఫీ క్లాసు

వియత్నాం వెళ్లే పర్యాటకులు ఇప్పుడు హాలాంగ్ బేలో పడవ ఎక్కడంతో పాటు ఇంకో పని కూడా చేసి వస్తున్నారు: కాఫీ క్లాసు. హనోయి పాతబస్తీలోనో, హోచిమిన్ సిటీలోనో ఏదో ఒక మేడ మీది గదిలో పొడుగాటి బల్ల చుట్టూ కూర్చోబెట్టి, ఒక్కొక్కరి ముందు చిన్న రేకు ఫిల్టరు, కాఫీ పొడి, కండెన్స్‌డ్ మిల్క్, కోడిగుడ్డు, ఉప్పు పెడతారు. పాలడబ్బా వరకూ సరే. గుడ్డూ ఉప్పూ కనబడగానే మనవాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు. నేను కూర్చున్న క్లాసులో టీచరు ఆ మాట పైకి అనలేదు కానీ, ఆవిడ మా చేత చేయించిన ప్రతి కప్పూ ఒకే చిక్కుకు విరుగుడు. ఆ చిక్కు పేరు రొబస్టా.

కాఫీ పండించే దేశాల్లో బ్రెజిల్ తర్వాతి స్థానం వియత్నాందే. అక్కడి పంటలో 90 శాతానికి పైగా రొబస్టా అనే రకం. మన అరకు కొండల్లో పండేది అరబికా. జన్యువుల లెక్కన రొబస్టా ఈ అరబికాకు కన్నవాళ్ల వరస: ఏనాడో కెనెఫొరా, యూజీనియాయిడిస్ అనే రెండు జాతులు కలిసి అరబికా పుట్టింది. ఆ కెనెఫొరానే మనం రొబస్టా అంటున్నాం. అందుకే దానికి 22 క్రోమోజోములు ఉంటే అరబికాకు 44. గింజ బరువులో కెఫీన్ అరబికాలో 1.2 నుంచి 1.5 శాతం, రొబస్టాలో 2 శాతం పైమాటే. క్లోరోజెనిక్ ఆమ్లాలు కూడా రొబస్టాలోనే ఎక్కువ. చక్కెర, నూనె మాత్రం తక్కువ. చేదు పెంచే సరుకు నిండుగా ఉండి, దాన్ని కప్పే సరుకు కొరవడిందన్నమాట.

మొక్క దీన్ని మన నాలుక కోసం దాచుకోలేదు. కెఫీన్ పురుగులకు విషం. అరబికా ఇథియోపియా ఎత్తుకొండల చల్లదనంలో పుట్టింది. రొబస్టా మధ్య, పశ్చిమ ఆఫ్రికాలో వేడీ తేమా పురుగూ పుష్కలంగా ఉండే పల్లపు అడవుల్లో పెరిగింది. 1869లో సిలోన్‌లో ఆకుతుప్పు తెగులు కనబడి, తర్వాతి ఏళ్లలో అక్కడి కాఫీ తోటల్ని తుడిచిపెట్టింది. ఆ బూజును బాగా తట్టుకున్నది రొబస్టా. అందుకే వేడి ప్రాంతాల రైతులు దానివైపు మొగ్గారు. రుచి చూసి కాదు, బతుకుతుందని.

వియత్నాంకు కాఫీ మొక్క 1857లో ఫ్రెంచి క్రైస్తవ మిషనరీలతో వచ్చింది. కానీ ఆ దేశం కాఫీ దిగ్గజం కావడం వెనక మరో కథ ఉంది, అది క్లాసుల్లో పెద్దగా చెప్పరు. 1970ల చివర్లో కాఫీ ధర ఆకాశానికి అంటినప్పుడు తూర్పు జర్మనీ ప్రభుత్వం దగ్గర కాఫీ కొనడానికి డాలర్లు లేవు. సగం కాఫీ, సగం ఏవేవో కలిపిన పొడి అమ్మితే జనం తిట్టిపోశారు. దాంతో 1980లో సాటి సోషలిస్టు దేశమైన వియత్నాంతో ఒప్పందం చేసుకుని, అక్కడి డాక్ లాక్ రాష్ట్రపు ఎర్రనేలల్లో తోటలు వేయించింది. యంత్రాలు పంపింది, డబ్బు పెట్టింది. తోటలు చేతికొచ్చే 1990 నాటికి తూర్పు జర్మనీ అనే దేశమే లేదు! పంట మాత్రం నిలిచింది. 1986లో మొదలైన దోయ్ మోయ్ ఆర్థిక సంస్కరణలతో రైతులు సొంతానికి పండించుకునే వీలు కలగడంతో, డాక్ లాక్‌లోని బువోన్ మా థువోత్ పట్టణం చుట్టుపక్కల కొండలు కాఫీతో నిండిపోయాయి. పదిహేనేళ్లు తిరక్కుండానే వియత్నాం కొలంబియాను దాటేసింది.

ఇక చేదు సంగతి. కాఫీ చేదుకు కెఫీనే కారణమని చాలామంది అనుకుంటారు. మ్యూనిక్ సాంకేతిక విశ్వవిద్యాలయంలో థామస్ హాఫ్‌మన్ బృందం 2007లో తేల్చిందేమిటంటే, అందులో కెఫీన్ వాటా 15 శాతం దగ్గరే. మిగతా చేదు వేయింపులో పుడుతుంది. పచ్చి గింజలోని క్లోరోజెనిక్ ఆమ్లాలు వేడికి నీటిని వదులుకుని లాక్టోన్లు అవుతాయి. ఇది ఓ మోస్తరు చేదు, నాలుకకు హితవుగానే ఉంటుంది. గింజ నల్లబడేదాకా వేయిస్తే ఆ లాక్టోన్లు విరిగి ఫినైలిండేన్లు తయారవుతాయి. నాలుక వెనక చాలాసేపు పట్టి ఉండే మొరటు చేదు వీటిదే. రొబస్టాలో ముడిసరుకే ఎక్కువ. దాన్ని వియత్నాంలో నల్లగా వేయిస్తారు, పైగా వేయించేటప్పుడు వెన్న, కాస్త చక్కెర పట్టిస్తారు. గింజలో కొరవడిన కొవ్వును బయటినుంచి అద్దుతున్నారన్నమాట. పొడి డబ్బా మూత తీయగానే కోకో, వెన్న కలిసిన వాసన గుప్పుమనేది అందుకే.

క్లాసులో మొదటి పని ఫిన్ అనే ఆ రేకు ఫిల్టరు పట్టుకోవడం నేర్చుకోవడం. కప్పు మీద కూర్చునే చిల్లుల పళ్లెం, దానిపైన అడుగున సన్నచిల్లులున్న గిన్నె, పొడిని అదిమే బిళ్ల, మూత. అంతే దాని సరంజామా. మన ఇళ్లలో ఫిల్టరు కాఫీ తాగేవాళ్లకు చూడగానే చుట్టరికం తెలిసిపోతుంది. మనం పొడి వేసి, బిళ్ల పెట్టి, నీళ్లు పోసి, డికాక్షన్ దిగడానికి వదిలేసి వేరే పనుల్లో పడతాం. చికోరీ నీళ్లు పీల్చి ఉబ్బి, దారి మూసి, ఇంకా నిదానం చేస్తుంది. ఫిన్‌లో చికోరీ ఉండదు, నాలుగైదు నిమిషాల్లో పని అయిపోవాలి.

20 గ్రాముల పొడి వేసి, తట్టి చదును చేసి, బిళ్ల పెట్టి, ముందు ఓ రెండు చెంచాల వేడినీళ్లు మాత్రం పోయమంటారు. పొడి పొంగి బుడగలొస్తాయి. వేయించినప్పుడు గింజలో ఇరుక్కున్న కార్బన్ డయాక్సైడ్ అది. దాన్ని పోనివ్వకుండా నీళ్లన్నీ ఒకేసారి పోస్తే, లోపల్నుంచి వచ్చే గాలి నీటిని పొడిలోకి చొరబడనివ్వదు. నెలల తరబడి నిలవున్న పొడి అసలు పొంగదు. బజార్లో అమ్మకందారు ఏం చెప్పినా, పొడి తాజాదో కాదో ఈ అరనిమిషంలో తేలిపోతుంది.

ఆ తర్వాత మిగతా నీళ్లు. చుక్క చుక్కా ఎంత వేగంగా పడాలన్నది టీచరు కంటిచూపుతో చెబుతుంది. దాని వెనక సూత్రాన్ని 1856లో హెన్రీ డార్సీ అనే ఫ్రెంచి ఇంజనీరు చెప్పాడు. దిజాన్ పట్టణానికి నీటి సరఫరా పని చూస్తూ, ఇసుక పొరల్లోంచి నీరు ఎంత వేగంగా దిగుతుందో కొలిచాడు. పైన నీటి ఎత్తు పెరిగితే వేగం పెరుగుతుంది, పొర మందమైతే తగ్గుతుంది, రేణువులు సన్నబడితే ఇంకా బాగా తగ్గుతుంది. రేణువు సైజు సగమైతే నీళ్లు దిగే వేగం సుమారు నాలుగో వంతుకు పడిపోతుంది. రాయలసీమలో, తెలంగాణలో బోరుబావిలోకి నీరు ఎంత వేగంగా ఊరుతుందో భూగర్భజల శాఖవాళ్లు లెక్కగట్టేది కూడా ఈ డార్సీ సూత్రంతోనే.

ఎస్ప్రెస్సో మెషీను 9 బార్ల ఒత్తిడితో నీటిని తోస్తుంది. అది 90 మీటర్ల ఎత్తు నీటి స్తంభం కలిగించే ఒత్తిడి. ఫిన్‌లో నీళ్లు నిలిచేది ఐదారు సెంటీమీటర్లు. మెషీనుకు పనికొచ్చే మెత్తటి పొడి ఇందులో వేస్తే చుక్క దిగదు. మరీ బరక అయితే నీళ్లు రంగు మారకముందే కారిపోతాయి. క్లాసులో సగం సమయం ఈ మధ్యస్థం పట్టుకోవడానికే పోతుంది, పోవాలి కూడా. ఎందుకంటే పుల్లటి, తీపి పదార్థాలు నీటిలో ముందు కరుగుతాయి, బరువైన చేదు పదార్థాలు చివర్లో వస్తాయి. ధార మరీ నిదానించిందంటే కప్పులోకి దిగుతున్నది ఆ చివరి సరుకే.

దిగిన డికాక్షన్ కిందే కండెన్స్‌డ్ మిల్క్ కాచుకుని ఉంటుంది. వేడి దేశం, పాడిపశువులు తక్కువ, ఫ్రిజ్‌లు లేని కాలం. తాజా పాలు దొరకని చోట డబ్బాపాలే దిక్కయ్యాయి. అమెరికాలో గెయిల్ బోర్డెన్ దీనికి పేటెంటు తీసుకున్నది కూడా 1856లోనే. తెల్లగడ్డం తాత బొమ్మ ఉండే ఓంగ్ థో డబ్బా అక్కడ కాఫీ కొట్లలో ఇప్పటికీ కనబడుతుంది. ఈ పాలలో చక్కెర సుమారు 45 శాతం, కొవ్వు 8 శాతం. అంత చక్కెర నీటిని పట్టేసుకోవడంతో సూక్ష్మజీవులకు వాడుకునే నీరు మిగలదు, పాలు త్వరగా చెడవు. చిక్కదనం వల్ల గ్లాసు అడుగున తెల్లటి పొరగా నిలుస్తాయి, పైన నల్లటి కాఫీ.

తీపి చేదును కప్పేస్తుందన్నది అందరికీ తెలిసిందే. పాలలోని కేసీన్ అనే ప్రోటీన్ చేసే పని అంతగా తెలియదు. నల్లకాఫీ తాగితే నోరు వగరుగా పట్టేసినట్టు ఉంటుంది కదా, కాఫీలోని పాలీఫినాల్స్ మన ఉమ్మిలోని ప్రోటీన్లను పట్టుకోవడం వల్ల వచ్చే అనుభవం అది. పాలు కలిపితే ఆ పాలీఫినాల్స్ ముందే కేసీన్‌కు అతుక్కుంటాయి, నోటిదాకా వచ్చేవి తగ్గుతాయి. తర్వాత గ్లాసు నిండా ఐసు వేస్తారు. అది కా ఫే సువా దా. నాలుక మీద తీపిని మోసే సంకేత వ్యవస్థ చల్లదనంలో మందగిస్తుంది. పాలు రెండు చెంచాలు ఎక్కువనిపించినా, ఐసు పడ్డాక సరిపోతాయి.

గుడ్డు కాఫీ హనోయిది. 1946లో, యుద్ధకాలంలో పాలకు కటకట వచ్చినప్పుడు మెట్రోపోల్ హోటల్లో పనిచేసే న్గుయెన్ వాన్ జాంగ్ పాలకు బదులు పచ్చసొన గిలకొట్టి వేశాడు. ఆయన పేరుతో కొట్టు ఇప్పటికీ నడుస్తోంది. పచ్చసొనలో సగం నీరు, మూడో వంతు కొవ్వు, ఆరో వంతు ప్రోటీన్. అందులోని లెసిథిన్ ఒక కొసతో నీటినీ మరో కొసతో కొవ్వునూ పట్టుకుంటుంది. గిలకొట్టినకొద్దీ గాలి బుడగలు చొరబడతాయి, వాటి చుట్టూ ప్రోటీన్లు విచ్చుకుని గోడ కడతాయి, కండెన్స్‌డ్ మిల్క్ చిక్కదనం ఆ గోడలు త్వరగా కారిపోకుండా ఆపుతుంది. పది నిమిషాలు చేత్తో కొడితే భుజం పట్టేస్తుంది, బీటరు ఇవ్వమని అడగడంలో తప్పులేదు. ఆ నురగను కాఫీ మీద తేల్చి, కప్పును వేడినీళ్ల గిన్నెలో పెడతారు. చల్లబడితే నీచువాసన పైకొస్తుంది. నిజం చెప్పాలంటే ఇది కాఫీ కన్నా మిఠాయి అనాలి. ఇంకో మాట: పచ్చిగుడ్డులో ఉండగల సాల్మొనెల్లా బ్యాక్టీరియా చచ్చేంతగా పై నురగ వేడెక్కదు. గర్భిణులు, చిన్నపిల్లలు, పెద్దవయసువాళ్లు పాశ్చరైజ్ చేసిన గుడ్డు కాకపోతే మానేయడమే మంచిది.

నాకు అన్నింటికన్నా తెలివైనదిగా తోచింది ఉప్పు కాఫీ. హ్యూ పట్టణంలో 2010లో మొదలై దేశమంతా పాకింది. ఉప్పు కలిపి గిలకొట్టిన క్రీమును కాఫీ మీద వేస్తారు. కాకరకాయ ముక్కలకు ఉప్పు రాసి పిండే మన వంటింటికి ఈ ఆలోచన కొత్త కాదు. అయితే అక్కడ ఉప్పు చేదు రసాన్ని బయటికి లాగేస్తుంది, ఇక్కడ కాఫీలోని చేదు ఒక్క పిసరు కూడా బయటికి పోదు. నాలుకకు అది తెలియడమే తగ్గుతుంది. అమెరికాలో రుచి, వాసనల మీద పరిశోధన చేసే మోనెల్ కేంద్రంలో బ్రెస్లిన్, బోషాంప్ అనే శాస్త్రవేత్తలు 1997లో ఇది చూపించారు. చేదుగా ఉండే యూరియా, తియ్యటి చక్కెర కలిపిన నీళ్లలో సోడియం లవణం వేస్తే చేదు తగ్గింది, తీపి పెరిగింది. చక్కెర పెంచలేదు, దాన్ని అణచిపెట్టిన చేదు పక్కకు తప్పుకుంది, అంతే. కండెన్స్‌డ్ మిల్క్ మూడు చెంచాలతో చేసే పనిలో కొంత చిటికెడు ఉప్పు చేసిపెడుతోందంటే, షుగరు లెక్కలు చూసుకునే మన ఇళ్లకు ఇది పనికొచ్చే కిటుకే.

క్లాసు అయ్యాక చాలాచోట్ల పునుగుపిల్లి కాఫీ పొట్లాలు చూపిస్తారు. పిల్లి తిని విసర్జించిన గింజలని చెప్పి బాగా ఎక్కువ ధర చెబుతారు. అందులో నకిలీ ఎంతో చెప్పలేం, అసలుదైతే బోనుల్లో కుక్కిన జంతువుల నుంచి వచ్చి ఉండొచ్చు. ఆ డబ్బుతో రెండు ఫిన్‌లు, మంచి పొడి కొనుక్కోవచ్చు.

చివరగా ఒక లెక్క. 20 గ్రాముల రొబస్టా పొడిలో కెఫీన్ దాదాపు 400 మిల్లీగ్రాములు. ఆరోగ్యంగా ఉన్న పెద్దవాళ్లకు రోజుకు 400 వరకు ఫరవాలేదని, గర్భిణులకు 200 మించకూడదని ఐరోపా ఆహార భద్రతా సంస్థ అంటోంది. పొడిలో ఉన్నదంతా కప్పులోకి దిగదు, సగం దిగినా 200. క్లాసులో మూడు నాలుగు రకాలు చేయిస్తారు, చేసింది పారబోయడానికి మనసొప్పదు. ఒంట్లో కెఫీన్ సగానికి తగ్గడానికి సుమారు ఐదు గంటలు పడుతుంది కాబట్టి, మధ్యాహ్నం మూడింటికి తాగినదాంట్లో సగం రాత్రి ఎనిమిదికి కూడా లోపలే ఉంటుంది. బుక్ చేసుకునేటప్పుడు ఉదయం బ్యాచ్ ఉందేమో అడగండి, ఒక్కో కప్పులో రెండేసి గుక్కలు తాగి మిగతాది పక్కవాళ్లకు జరపండి.