స్తంభాలను కూల్చిన మంచు

1888 మార్చి 11, ఆదివారం. న్యూయార్క్‌లో ముసురు పట్టింది. ముందురోజు వెచ్చగా ఉండడంతో చలికాలం వెళ్ళిపోయిందనుకున్నారు జనం. అర్ధరాత్రి దాటాక ఆ వానే మంచుగా మారింది.

ఉత్తరం నుంచి దిగిన గడ్డకట్టే గాలి, అట్లాంటిక్ మీది తేమగాలి తీరం దగ్గర కలుసుకున్నాయి. అక్కడ బలపడ్డ అల్పపీడనం కదలకుండా తిష్ఠ వేసింది. నగరంలో 21 అంగుళాల మంచు పడింది, అదే రాష్ట్రంలోని ట్రాయ్ పట్టణంలో ఏకంగా 55. దాన్ని గాలి ఊడ్చుకెళ్ళి ఇళ్ళ ముందు కుప్ప పోస్తే కొన్నిచోట్ల మేడమీది కిటికీల దాకా మూసుకుపోయింది.

అప్పట్లో నగరం బతుకంతా నేలపైనే. టెలిగ్రాఫ్, టెలిఫోన్, కరెంటు తీగలు పదుల కొద్దీ ఒకే కర్రస్తంభానికి వేలాడేవి. తడిమంచు తీగకు పట్టుకుని గడ్డకడితే సన్నటి తీగ మోకులా లావెక్కుతుంది. బరువూ పెరుగుతుంది, గాలి తాకిడీ పెరుగుతుంది. ఒక స్తంభం ఒరిగితే ఆ లాగుడికి పక్కదీ వాలుతుంది. న్యూయార్క్ అలాగే మూగబోయింది. మంచు లేకపోయినా, 2014లో హుద్‌హుద్ గాలికి వరసగా పడిపోయిన కరెంటు స్తంభాలను చూసిన విశాఖవాసులకు ఆ దృశ్యం కొత్తకాదు. అక్కడా తుపాను తర్వాతే ప్రపంచబ్యాంకు నిధులతో భూగర్భ కేబుళ్ళు మొదలయ్యాయి.

ఎత్తైన ఇనప వంతెనలపై నడిచే రైళ్ళు మధ్యలోనే ఆగిపోయాయి. కింద కొందరు నిచ్చెనలు తెచ్చి, మనిషికింత అని పుచ్చుకుని ప్రయాణికులను దించారు. మాజీ సెనేటర్ రాస్కో కాంక్లింగ్ వాల్‌స్ట్రీట్ నుంచి నడిచే బయల్దేరి, యూనియన్ స్క్వేర్ దగ్గర మంచులో కూరుకుపోయాడు. ఎలాగో బయటపడినా కోలుకోలేదు, ఏప్రిల్‌లో చనిపోయాడు. మొత్తం 400 మందికి పైగా బలయ్యారు. అందులో సగం న్యూయార్క్‌లోనే.

నాకు బాధ కలిగించేది ఒకటుంది. తీగలను భూమిలో వేయాలని 1884లోనే చట్టం వచ్చింది. ఖర్చని కంపెనీలు నాన్చాయి. తుపాను తర్వాత కూడా ఏడాది గడిచాకే, 1889లో, మేయర్ హ్యూ గ్రాంట్ స్తంభాలను గొడ్డళ్ళతో నరికించడం మొదలుపెట్టాడు.

రైలుదీ అదే కథ. అంతకుముందు మేయరు ఏబ్రమ్ హ్యూయిట్ తుపానుకు ఆరువారాల ముందే, నగరం డబ్బుతో సబ్‌వే, అంటే భూగర్భ రైలుమార్గం, కట్టాలని ప్రతిపాదించాడు. ఎవరూ పట్టించుకోలేదు. మంచులో ఇరుక్కున్నాక ఆ మాటకు బలం వచ్చింది. ఈలోగా బోస్టన్ 1897లో తన సబ్‌వే తెరిచేసింది. న్యూయార్క్ వాళ్ళు సిటీహాల్ దగ్గర మెట్లు దిగి, 145వ వీధి దాకా భూమి లోపలి రైల్లో వెళ్ళింది 1904 అక్టోబర్ 27న.