షేప్ పడిందని రాజీనామా రాసేయకండి

మొన్న ఆదివారం పొద్దున్నే ఒక హెడ్ కానిస్టేబుల్ భార్యను తీసుకుని గాజువాకలో మా ఇంటికి వచ్చాడు. నడుంలో డిస్క్ జారింది, మెడికల్ బోర్డు షేప్-3 వేసింది. షేప్ అంటే కేంద్ర బలగాల్లో ఆరోగ్యాన్ని బట్టి ఇచ్చే గ్రేడు. "ఎలాగూ తీసేస్తారంట సార్. మనమే వెళ్లిపోతే పరువుగా ఉంటుంది కదా" అంటూ ప్లాస్టిక్ ఫోల్డర్‌లోంచి ఒక తెల్లకాగితం తీశాడు. రాజీనామా. సంతకం అయిపోయింది, తేదీ ఒక్కటే ఖాళీ. సర్వీసు 14 ఏళ్లు. ఆవిడ టీ గ్లాసు ముట్టనైనా లేదు.

నేను ఒక కేంద్ర బలగం ఆఫీసులో సర్వీసు పుస్తకాలు రాసి రిటైరైనవాణ్ణి. ఈ కాగితాన్ని ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. "తీసేస్తారంట" అన్న ఆ "అంట" ఎవరిదని అడిగితే మాత్రం ఎవరూ చెప్పరు. బ్యారక్‌లో ఎవడో అన్నాడు, అంతే.

షేప్-2, షేప్-3 అంటే డ్యూటీలో కొన్ని పరిమితులు. ఉద్యోగం పోవడం కాదు. టెంపరరీ కేటగిరీ అయితే రివ్యూలో పైకి రావచ్చు కూడా. శాశ్వతంగా అన్‌ఫిట్ అనే మాట షేప్-5 దగ్గర వస్తుంది. అప్పుడు కూడా బోర్డు తేల్చాలి, మీరు కాదు.

అసలు నష్టం ఇక్కడ ఉంది. రాజీనామా, వీఆర్ఎస్ (స్వచ్ఛంద పదవీ విరమణ), బోర్డ్ అవుట్ (మెడికల్ బోర్డు అన్‌ఫిట్ అని పంపేయడం) మూడూ "ఇంటికి పోవడమే" అనుకుంటారు. రాజీనామా చేస్తే గడిచిన సర్వీసు మొత్తం రద్దవుతుంది, గ్రాట్యుటీతో సహా. ఎన్‌పీఎస్ (కొత్త పెన్షన్ పథకం) ఖాతాలో డబ్బు మాత్రం మిగులుతుంది. 20 ఏళ్ల సర్వీసు మీద వీఆర్ఎస్ అంటే మూడు నెలల ముందు నోటీసు ఇవ్వాలి. 14 ఏళ్ల సర్వీసువాడికి ఆ దారే లేదు. అదే బోర్డు అన్‌ఫిట్ చేసి పంపితే ఇన్‌వాలిడ్ పెన్షన్ వస్తుంది. పెన్షన్ రూల్స్‌కు 2019 జనవరిలో చేసిన సవరణ తర్వాత పదేళ్ల సర్వీసు నిండకపోయినా వస్తుంది. ఎన్‌పీఎస్‌లో ఉన్నవాళ్లకు కూడా పాత పెన్షన్ రూల్స్ ప్రకారం తీసుకునే ఆప్షన్ ఉంది. 55 ఏళ్ల లోపు అలా పంపితే ఇంట్లో ఒకరి పేరు కారుణ్య నియామకానికి పరిశీలిస్తారు. పరిశీలిస్తారు అంటున్నాను, ఇస్తారు అనడం లేదు. రాజీనామా చేసినవాడి ఇంటికి ఆ పరిశీలన కూడా ఉండదు.

దీనికి తిరగబడిన పుకారు ఇంకొకటి: "2016 వికలాంగుల చట్టం ఉంది, మనల్ని ఎవరూ కదపలేరు." వైకల్యం వచ్చిందని ఉద్యోగంలోంచి తీసేయకూడదనేది ఆ చట్టం 20వ సెక్షన్. దాన్నుంచి కేంద్ర బలగాల కంబాటెంట్ (పోరాట విధుల) పోస్టులకు 2021 ఆగస్టులో మినహాయింపు ఇచ్చారు. అలాగని దారులన్నీ మూసుకుపోలేదు. అదే డిసెంబరులో ఒక సీఆర్‌పీఎఫ్ అధికారి కేసులో సుప్రీంకోర్టు, అవసరమైతే ఆయుధం పట్టనక్కర్లేని పోస్టుకు మార్చండి, జీతం మాత్రం తగ్గకూడదు అంది. ఆయనది మానసిక వైకల్యం. కేసు కేసుకూ తేడా ఉంటుంది, వాట్సాప్ నమ్ముకోకండి.

ట్రాన్స్‌ఫర్ల గురించి రెండే మాటలు. సదరం సర్టిఫికెట్ చూపిస్తే ఇక్కడ విశాఖలోనే స్టీల్ ప్లాంట్‌కో పోర్టుకో పోస్టింగ్ రాదు. 40 శాతం వైకల్యం అనే లెక్క రిజర్వేషన్లది, మీ కేటగిరీ తేల్చేది మీ బోర్డు. వైద్యం దొరికే చోటు అడగవచ్చు, ట్రీట్‌మెంట్ కాగితాలు జతచేసి, ప్రాపర్ చానెల్లో.

దెబ్బ డ్యూటీలో తగిలితే ఆ రోజే జీడీలో (యూనిట్ జనరల్ డైరీలో) ఎక్కించండి, కోర్ట్ ఆఫ్ ఎంక్వైరీ (శాఖాపరమైన విచారణ) అడగండి. మా యూనిట్‌లో ఒకతను పరేడ్‌లో మోకాలు విరగ్గొట్టుకుని "చిన్నదే సార్" అన్నాడు. నేనూ ఊరుకున్నాను. ఆరేళ్ల తర్వాత ఆ మోకాలు డ్యూటీదేనని చూపించే కాగితం కోసం ఇద్దరం కలిసి బీరువాలన్నీ తిరగేశాం. దొరకలేదు.

ఆదివారం వచ్చినాయన రాజీనామా ఇక్కడే వదిలి వెళ్లాడు. రివ్యూ బోర్డు ఎప్పుడని అడిగితే వచ్చే నెల అన్నాడు. ఎంఆర్ఐ ఫిల్మ్ ఏదంటే ఆవిడ మొదటిసారి నోరు విప్పింది. "అటక మీద ఉందండీ, నేను దాచాను."