లేని కొండలను అందరూ చూశారు

1914 ఏప్రిల్ 21. గడ్డకట్టిన ఆర్కిటిక్ సముద్రం మీద నలుగురు మనుషులు, కుక్కలు లాగే స్లెడ్జి బండ్లు. ఆ ఉదయం మంచుగూడు బయటికి వెళ్లిన ఫిట్జ్‌హ్యూ గ్రీన్ 'దొరికింది' అని కేకలు పెడుతూ పరుగెత్తుకొచ్చాడు. బృందనాయకుడు డోనాల్డ్ మెక్‌మిలన్ వెళ్లి చూస్తే ఎదురుగా కొండలు, లోయలు, మంచు కప్పిన శిఖరాలు. దిగంతంలో దాదాపు మూడో వంతు అవే. దారి చూపడానికి వచ్చిన, ఆర్కిటిక్ స్థానికులైన ఇన్యూట్ జాతి వేటగాడు పియుగాట్టోక్ కూడా అటే తేరిపార చూశాడు. చూసి, అది మంచుపొగ అన్నాడు.

మెక్‌మిలన్ వినిపించుకోలేదు. ఆయన వచ్చిందే ఆ నేల కోసం. 1906లో అమెరికన్ ధ్రువ యాత్రికుడు రాబర్ట్ పియరీ, కెనడా ఉత్తరాన ఉన్న ఆక్సెల్ హైబర్గ్ దీవి ఉత్తరపు కొస నుంచి దూరాన ఒక కొత్త నేల కనిపించిందని ప్రకటించి, తన యాత్రకు డబ్బిచ్చిన జార్జ్ క్రాకర్ పేరు దానికి పెట్టాడు. ఆనాటి పియరీ దినచర్యలో మాత్రం నేలేదీ కనిపించలేదనే ఉంది. దాత దగ్గర మంచి మాట కోసం కల్పించాడా అన్న అనుమానం అందుకే ఇప్పటికీ తీరలేదు. నాకూ ఆ అనుమానమే ఎక్కువ. అయితే మెక్‌మిలన్ బృందం చూసిన దాన్ని అబద్ధమని కొట్టిపారేయలేం. సూర్యుడు జరిగేకొద్దీ ఆ కొండల ఆకారం మారింది, విస్తీర్ణం మారింది, రాత్రయ్యేసరికి అవి పూర్తిగా మాయమయ్యాయి. సముద్రపు మంచు మీద సుమారు 200 కిలోమీటర్లు పోయాక ఆశ వదులుకుని వెనుదిరిగారు.

పదిమంది ఒకేసారి లేనిదాన్ని చూశారనగానే మనం సామూహిక భ్రమ అనేస్తాం. తొందరపాటు మాట అది. భ్రమ ఎవరి తలలో వారికే పుడుతుంది. ఇద్దరికి ఒకే వైపున, ఒకే ఎత్తున, ఒకే గంటలో ఒకే కొండ కనిపించిందంటే ముందుగా అనుమానించాల్సింది గాలిని. అలాంటి దృశ్యం కెమెరాకూ చిక్కుతుంది.

మే నెల ఎండలో తారు రోడ్డు మీద నీళ్లున్నట్టు కనిపించడం అందరికీ తెలుసు. కాలిన రోడ్డును అంటుకున్న గాలి వేడెక్కి పలచబడుతుంది. ఆకాశం నుంచి కిందికి వచ్చే వెలుగు ఆ పొరలో పైకి వంగి మన కంటికి చేరుతుంది. మనం నీళ్లనుకునేది ఆకాశపు ముక్కే. ధ్రువ ప్రాంతంలో దీనికి తలకిందులుగా జరుగుతుంది. మంచును ఆనుకున్న గాలి చల్లగా, చిక్కగా ఉంటుంది, దాని మీద వెచ్చని గాలి పరుచుకుంటుంది. ఉష్ణోగ్రత విలోమం అంటే ఇదే. వెలుగు ఎప్పుడూ చిక్కని గాలి వైపే వంగుతుంది కనుక, ఇక్కడ అది భూమి వైపు వంగుతూ సాగుతుంది. పైకి పోయేకొద్దీ మీటరుకు 0.11 డిగ్రీల సెల్సియస్ చొప్పున వేడి పెరిగితే చాలు, కిరణం వంపు భూమి వంపుతో సమానమవుతుంది. అప్పుడు క్షితిజం వెనక దాగినవీ కంటికి అందుతాయి. వేడి అంతకన్నా వేగంగా పెరిగే పొరలుంటే ఒకే వస్తువు నుంచి బయలుదేరిన కిరణాలు వేర్వేరు దారుల్లో వస్తాయి. నిటారు బింబం మీద తలకిందుల బింబం, దాని మీద మళ్లీ నిటారుది పేరుకుంటాయి. మంచు పలకలు ఒత్తుకుని లేచిన చిన్నపాటి గట్లు నిలువుగా సాగి కోటగోడల్లా, శిఖరాల్లా నిలబడతాయి. దీన్ని ఫాటా మోర్గానా అంటారు. మన దగ్గర వరాహమిహిరుడు ఆకాశంలో కనిపించే గంధర్వ నగరాలకు బృహత్సంహితలో ఒక అధ్యాయమే కేటాయించాడు. ఏ దిక్కున కనిపిస్తే ఎవరికి కీడో అందులో చెప్పాడు.

చూపు అందరిదీ ఒకటే కావచ్చు, దానికి అర్థం చెప్పేది మాత్రం ఎవరికి వారే. 1818లో బ్రిటిష్ నావికుడు జాన్ రాస్ కెనడా ఉత్తరాన ఉన్న లాంకాస్టర్ జలసంధిలో దారికి అడ్డంగా పర్వతాలున్నాయని ఓడలను వెనక్కి తిప్పాడు. వాటికి బ్రిటిష్ నౌకాదళ కార్యదర్శి క్రోకర్ పేరు పెట్టాడు. మరుసటి ఏడాది, ఆ యాత్రలో రెండో ఓడను నడిపిన విలియం ప్యారీ సరిగ్గా ఆ పర్వతాలు ఉండాల్సిన చోటు గుండా తెరచాపలెత్తి దాటిపోయాడు. పియుగాట్టోక్‌కు ఆ సముద్రంతో జీవితకాలపు పరిచయం ఉంది, పేరు పెట్టి రుణం తీర్చుకోవాల్సిన దాత లేడు. అతని మాటే నిజమైంది. కానీ తిరుగు ప్రయాణంలో గ్రీన్ అతన్ని కాల్చి చంపాడు. దానికి విచారణ కూడా జరగలేదు.

కంటిని నమ్మకపోవడమే శాస్త్రం అనుకునేవారు 1597 నాటి సంగతి వినాలి. డచ్ నావికుడు విలెం బారెంట్స్ బృందం రష్యా ఉత్తరాన ఉన్న నోవయా జెమ్ల్యా దీవిలో మంచులో చిక్కుకుని, ఓడ కలపతో ఇల్లు కట్టుకుని చలికాలం గడిపింది. నవంబరులో అస్తమించిన సూర్యుడు మళ్లీ కనిపించాలంటే ఫిబ్రవరి రావాలి. జనవరి 24న బృందంలోని గెరిట్ డె వీర్, హీమ్స్‌కెర్క్ దక్షిణాన సూర్యబింబపు అంచును చూశామన్నారు. ఇంకా రెండు వారాలుందని బారెంట్స్ ఒప్పుకోలేదు. లెక్క ప్రకారం ఆ రోజు సూర్యుడు క్షితిజానికి సుమారు 5 డిగ్రీల దిగువన ఉన్నాడు.

మామూలు గాలి కూడా క్షితిజం దగ్గర వెలుగును అర డిగ్రీకి పైగా వంచుతుంది. విశాఖ తీరంలో ఉదయిస్తున్న సూర్యుడి కింది అంచు నీటిని తాకుతున్నట్టు కనిపించే వేళకు అసలు బింబం మొత్తం ఇంకా క్షితిజం కిందే ఉంటుంది. అర డిగ్రీ సరే, ఐదు డిగ్రీలెలా? విలోమ పొర కింద చిక్కిన వెలుగు, పైకి తప్పించుకోలేక, భూమి వంపు వెంబడే వందల కిలోమీటర్లు ప్రయాణిస్తే సాధ్యమేనని కెనడాలోని మానిటోబా విశ్వవిద్యాలయానికి చెందిన లేన్ 1979లో కంప్యూటర్ లెక్కలతో చూపించాడు. అంతకుముందే, 1915 మే నెలలో, అంటార్కిటికా మంచులో ఇరుక్కున్న ధ్రువ యాత్రికుడు షాకిల్టన్ బృందానికి, చలికాలానికని వీడ్కోలు చెప్పేసిన సూర్యుడు వారం తర్వాత సగానికి పైగా బింబంతో మళ్లీ కనిపించాడు.