ఉప్పుగాలిలో ఉక్కు రింగు

విశాఖలో ఏ ఫ్లైఓవర్ మీద బండి నడిపినా కొంత దూరానికోసారి చక్రం కింద టక్‌టక్‌మంటుంది. స్కూటర్ వెనక సీట్లో కూర్చున్నవాళ్లకి అది నడుములో తెలుస్తుంది. రోడ్డు సరిగ్గా వేయలేదని కాంట్రాక్టర్‌ని తిట్టుకుంటాం గానీ, పాపం ఇందులో అతని తప్పు లేదు. వంతెన అంటే వరసగా పేర్చిన పలకలు. ఎండకి సాగడానికి, చలికి ముడుచుకోవడానికి పలకకీ పలకకీ మధ్య సందు వదులుతారు. దాన్నే ఎక్స్‌పాన్షన్ జాయింట్ అంటారు.

ఎప్పుడైనా కిందికి దిగి ఆ జాయింటుని అడుగు నుంచి చూడండి. స్తంభం, దాని నెత్తిన అడ్డంగా పియర్ క్యాప్, క్యాప్ మీద రబ్బరు దిమ్మలు, వాటిమీద దూలాలు. ఆ దిమ్మలే బేరింగులు. చాలా వంతెనల్లో దూలం వాటి మీద తన బరువుతో తాను కూర్చుని ఉంటుంది, అంతే. పోర్టు లారీలు ఎన్ని తిరిగినా దానికి లెక్క లేదు, ఎందుకంటే బరువెప్పుడూ కిందికే నొక్కుతుంది. భూకంపం మాత్రం పక్కకి తోస్తుంది.

సిటీ బస్సులో కమ్మీ పట్టుకోకుండా నిలబడ్డవాడిని చూస్తుంటాం కదా. డ్రైవర్ సడన్‌గా బ్రేకు కొడితే కాళ్లు బస్సుతోపాటు ఆగుతాయి, ఒళ్లు మాత్రం ముందుకు పోతుంది. భూమి ఊగినప్పుడు వంతెనకీ ఇదే గతి. నేల స్తంభం పాదాన్ని లాక్కుపోతుంటే, పైనున్న వందల టన్నుల కాంక్రీటు ఉన్నచోటే ఉంటానంటుంది. అప్పుడు దూలమైనా జారాలి, స్తంభమైనా నలగాలి.

జారడం ఎలా ఉంటుందో తెలుసుకోవడానికి మనం కాలిఫోర్నియా దాకా పోనక్కర్లేదు. మన పోర్టు నుంచి ఓడెక్కితే చేరే అండమాన్‌లోనే ఉంది. సిక్కోలు, విశాఖ వైపు నుంచి వెళ్లి అక్కడ స్థిరపడ్డ కుటుంబాలు బోలెడు. ఉత్తర, మధ్య అండమాన్ దీవుల్ని కలిపే ఆస్టిన్ వంతెన అప్పటికి చాలా కొత్తది. 2004 డిసెంబరు 26న సునామీ తెచ్చిన ఆ భూకంపానికి దాని స్తంభాలు కూలలేదు. పైనున్న పలకలు బేరింగుల మీంచి జారి పక్కకి జరిగిపోయాయి. వాటిని పట్టి ఆపే ఏర్పాటు సరిగ్గా లేదు. ఇలాంటి జారుడుకి మందు పెద్ద ఖరీదేం కాదు. దూలం కూర్చునే అంచుని ఇంకాస్త వెడల్పు చేయడం, పక్కకి పోకుండా క్యాప్ మీద కాంక్రీటు దిమ్మలు కట్టడం, పలకనీ పలకనీ ఉక్కు తాళ్లతో ముడివేయడం. కాలిఫోర్నియాలో 1971 శాన్ ఫెర్నాండో భూకంపం తర్వాత చేసింది ముఖ్యంగా ఈ ముడి పనే.

అయితే వాళ్లు ఆ ముడి దగ్గరే ఆగారు, స్తంభాల జోలికి వెళ్లడానికి ఆలస్యం చేశారు. నా లెక్కలో అసలు కథ స్తంభంలోనే ఉంది.

బియ్యం నేలమీద పోస్తే కుప్పగా జారిపోతాయి. అవే బియ్యం గోనెసంచిలో పోసి మూతి కుడితే మనిషి ఎక్కి నిలబడ్డా బస్తా నిలబడుతుంది. బియ్యంలో మార్పేమీ లేదు, చుట్టూ ఉన్న సంచి పట్టి ఉంచుతోంది. స్తంభంలో నిలువుగా ఉండే లావు కడ్డీలు అందరికీ కనిపిస్తాయి. వాటి చుట్టూ అడ్డంగా కట్టే సన్నటి రింగులే ఆ గోనెసంచి. పెద్ద ఊపుకి లోపలి కాంక్రీటు చితికినా, రింగులు దగ్గర దగ్గరగా ఉంటే ఆ ముక్కలు ఎటూ పోలేవు, స్తంభం వంగినా బరువు మోస్తూనే ఉంటుంది. 1971కి ముందు కాలిఫోర్నియా వంతెనల్లో స్తంభం ఎంత లావైనా సరే, ఇంచుమించు 12 మిల్లీమీటర్ల రింగుని 30 సెంటీమీటర్లకి ఒకటి చొప్పున కట్టేవాళ్లు. అది సంచి కాదు, చిల్లుల వల. 1995 జనవరి 17న జపాన్‌లోని కోబెలో హన్షిన్ ఎక్స్‌ప్రెస్‌వే 635 మీటర్ల పొడవున ఒక పక్కకి ఒరిగి పడిపోయింది. దాని స్తంభాలు మూడు మీటర్ల లావువి. లోపల రింగులు తక్కువ, పైగా నిలువు కడ్డీల్లో కొన్నిటిని కొంత ఎత్తు దాకా తెచ్చి ఆపేశారు. సరిగ్గా ఏడాది ముందు, అదే తేదీన, కాలిఫోర్నియాలో నార్త్‌రిడ్జ్ భూకంపం వచ్చింది. 1971లో దెబ్బతిన్న హైవే కూడలిలోనే అప్పుడూ వంతెనలు పడ్డాయి. అప్పటికే స్తంభాలకి ఉక్కు తొడుగులు వేసి ఉన్న వంతెనలు మాత్రం నిలబడ్డాయి. తొడుగంటే బయట నుంచి వేసిన గోనెసంచే.

రింగు కట్టడం చూడటానికి చిన్న పనే. మా వీధిలో ఒక ఇంటి పని జరుగుతుంటే రాడ్ బెండింగ్ కుర్రాడు రింగు కొసల్ని ఎల్ ఆకారంలో వంచి వదిలేస్తున్నాడు. కొస లోపలి కాంక్రీటులోకి దిగేలా ఇంకా వంచాలి, అంటే 135 డిగ్రీల కొక్కెం. లేకపోతే పైపెచ్చు రాలగానే రింగు విచ్చుకుంటుంది. అదే మేస్త్రితో అంటే నవ్వేడు. "ఏటి సార్, కాంక్రీటు పోసేక లోపల ఎవుడు చూస్తాడండి?" అన్నాడు. నిజమే, భూకంపం తప్ప ఎవరూ చూడరు.

ఇక నేల సంగతి. 1989 అక్టోబరు 17న కాలిఫోర్నియాలో వచ్చిన లోమా ప్రియెటా భూకంపం కేంద్రం ఓక్లండ్‌కి సుమారు 100 కిలోమీటర్ల దూరాన ఉంది. అయినా అక్కడి సైప్రెస్ రెండంతస్తుల ఫ్లైఓవర్‌లో పైఅంతస్తు కింది అంతస్తు మీద పడి 42 మంది చనిపోయారు. బురదనేల మీదున్న భాగం కూలింది, గట్టినేల మీదున్న భాగం నిలబడింది. ఊపుని మెత్తటి మట్టి పెంచుతుంది.

2002లో వచ్చిన భూకంప పటంలో మనది జోన్ 2, అంటే అన్నిటికంటే తక్కువ ప్రమాదమున్నది. భూకంపపు తోపుని లెక్కకట్టడానికి ఆ పటంతో వాడిన జోన్ అంకె మనకి 0.10, అన్నిటికంటే ఎక్కువ ప్రమాదమున్న, భుజ్‌లాంటి జోన్ 5కి 0.36. అందుకే మనకి టెన్షన్ లేదు. 2014 మే 21 రాత్రి బంగాళాఖాతంలో 6.0 తీవ్రతతో భూకంపం వచ్చినప్పుడు అపార్టుమెంట్ల వాళ్లు కిందికి దిగి, కాసేపు కబుర్లు చెప్పుకుని మళ్లీ పైకెళ్లారు. పటం ఊరంతటికీ ఒకే రంగు వేస్తుంది, నేల మాత్రం ఒక్కటి కాదు. డాల్ఫిన్స్ నోస్, కైలాసగిరి గట్టి రాతి కొండలు. 1933లో ప్రారంభమైన పోర్టుని ఆటుపోట్లకి మునిగే చిత్తడినేలలో తవ్వి కట్టారు. ఇటు కొండలు, అటు సముద్రం, మధ్యలో హైవే. దారి తెగితే ఏమవుతుందో అదే 2014 అక్టోబరులో హుద్‌హుద్ తుపాను చూపించింది.

కానీ విశాఖ వంతెనలకి నేను ఎక్కువగా భయపడేది ఉప్పుగాలికి. కాంక్రీటులో ఉన్న క్షారగుణం ఉక్కు మీద పల్చటి రక్షణ పొరని నిలబెడుతుంది. సముద్రపు ఉప్పులోని క్లోరైడు మెల్లగా లోపలికి దిగి ఆ పొరని చెరుపుతుంది. ఉక్కు తుప్పుగా మారితే ఎక్కువ చోటు కావాలి, ఉబ్బి పైపెచ్చుని పగలగొడుతుంది. స్తంభంలో అందరికంటే బయట ఉండే ఉక్కు ఏది? రింగే. అంటే ఉప్పు ముందుగా చేరేది, భూకంపం రోజున స్తంభాన్ని కాయాల్సిన దాని దగ్గరికే. పైగా అది సన్నటిది. లావు కడ్డీలో రెండు మిల్లీమీటర్లు పోతే తట్టుకుంటుంది, రింగులో అంతే పోతే చాలా పోయినట్టు. బరువు మోసే నిలువు కడ్డీలు బాగానే ఉంటాయి గనక లారీలు మామూలుగానే వెళ్తుంటాయి.

బీచ్ రోడ్డు పక్కన పాత మేడల స్తంభాలు చూస్తే ఇది అర్థమవుతుంది. పెచ్చు ఊడిన చోట రింగులు పక్కటెముకల్లా బయటపడి, కొన్ని మధ్యలో తెగి ఉంటాయి. అప్పటి నుంచి ఏ వంతెన కింద సిగ్నల్ పడ్డా స్తంభం మీద తుప్పుచారల కోసం వెతకడం అలవాటైంది. నిలువు చారైతే లోపల కడ్డీ. బెత్తెడు బెత్తెడు దూరంలో అడ్డంగా ఉంటే, రింగులు.