ఫోన్‌లో దాక్కున్న జర్మన్ పల్లె

ఏ ఊళ్లో ఇప్పుడు టైమెంతో కంప్యూటర్లకు చెప్పే జాబితా ఒకటుంది. ఆండ్రాయిడ్ ఫోన్లు, ఐఫోన్లు, లినక్స్ యంత్రాలు అన్నీ దాన్నే నమ్ముకుంటాయి. అందులో మన దేశమంతటికీ ఉన్నది ఒక్కటే జోన్: ఆసియా/కోల్‌కతా. జర్మనీకి మాత్రం రెండున్నాయి. ఒకటి బెర్లిన్, అది సరే. రెండోది బ్యూసింగెన్. అక్కడ ఉండేది సుమారు 1,500 మంది. జర్మనీ అంతా ఒకే టైమ్‌లో నడుస్తుంటే ఈ పల్లెకు వేరే జోన్ దేనికి?

ముందు మ్యాప్ చూద్దాం. కాన్‌స్టాన్స్ సరస్సు నుంచి బయటపడిన రైన్ నది పడమటికి పారి, షాఫ్‌హౌజెన్ అనే స్విస్ పట్నం దాటిన కాసేపటికే 23 మీటర్ల ఎత్తు నుంచి కిందికి దూకుతుంది. పడవలు జలపాతం దిగలేవు కదా! పై నుంచి వచ్చిన సరుకును అక్కడే దించి బళ్లకెక్కించేవారు. ఆ వ్యాపారంతోనే పట్నం బాగుపడింది. దానికి నాలుగైదు కిలోమీటర్ల ఎగువన, నది ఉత్తరపు ఒడ్డున ఉంది మన బ్యూసింగెన్. విస్తీర్ణం 7.62 చదరపు కిలోమీటర్లు. చుట్టూ అన్ని వైపులా స్విట్జర్లాండే. మిగతా జర్మనీకీ దీనికీ మధ్య దూరం బాగా తక్కువున్న చోట 700 మీటర్లు. నడిస్తే పది నిమిషాలు, కానీ ఆ పది నిమిషాలూ పరాయి దేశంలో నడవాలి. ఆ 700 మీటర్లలో అడ్డంగా పర్వతం లేదు, పెద్ద నది లేదు. ఉన్నదల్లా ఓ పాత పగ.

17వ శతాబ్దంలో ఈ ఊరి మీద పై అధికారం ఆస్ట్రియాది. ఊళ్లో పెత్తనం మాత్రం షాఫ్‌హౌజెన్‌కు చెందిన ఇమ్ టుర్న్ కుటుంబానిది. ఆస్ట్రియా క్యాథలిక్, షాఫ్‌హౌజెన్ ప్రొటెస్టెంట్. ఊరి దొర ఎబర్‌హార్డ్ ఇమ్ టుర్న్ క్యాథలిక్కుల వైపు మొగ్గుతున్నాడని సొంత బంధువులకే అనుమానం వచ్చింది. 1693లో వాళ్లే ఆయన్ను ఎత్తుకెళ్లి పట్నం అధికారులకు అప్పగించారు. మరణశిక్ష వేశారు, తర్వాత దాన్ని యావజ్జీవ ఖైదుగా మార్చారు. తన నేల మీది మనిషిని పట్టుకుపోతే ఆస్ట్రియా ఊరుకుంటుందా? సైన్యాన్ని పంపుతామని బెదిరించింది. చివరికి 1699లో ఆయన్ను వదిలిపెట్టారు.

ఆయన విడుదలైనా ఆస్ట్రియా మనసులోంచి అది పోలేదు. 1770లో చుట్టుపక్కలున్న రామ్‌జెన్, డోర్ఫ్‌లింగెన్ ఊళ్ల మీది హక్కులను జ్యూరిక్‌కు అమ్మేసింది. బ్యూసింగెన్‌ను మాత్రం ఇవ్వలేదు. షాఫ్‌హౌజెన్‌కు అది ఎప్పటికీ పంటి కింద రాయిలా ఉండాలన్నదే ఉద్దేశం. అటుపక్క డోర్ఫ్‌లింగెన్ స్విస్ చేతికి పోవడంతో ఇటుపక్క బ్యూసింగెన్ ఒంటరిదైపోయింది. పగ పట్టిన ఆస్ట్రియా కూడా ఇక్కడ ఎక్కువ కాలం నిలవలేదు. నెపోలియన్ చేతిలో ఓడాక 1805లో ఈ ఊరు వుర్టెంబర్గ్ అనే జర్మన్ రాజ్యానికి, 1810లో బాడెన్ అనే మరో జర్మన్ రాజ్యానికి పోయింది, ఆ దారిన జర్మనీలో కలిసింది.

ఊరి జనాన్ని అడిగితే ఏమన్నారు? 1918లో ఓటేశారు. 96 శాతం మంది స్విట్జర్లాండ్‌లో కలుస్తామన్నారు. కానీ బదులుగా జర్మనీకి ఇవ్వడానికి తగిన భూమి స్విస్ వైపు దొరకలేదు. ఓటు ఓటుగానే మిగిలింది.

రెండో ప్రపంచ యుద్ధంలో జరిగింది వింటే నవ్వాలో జాలిపడాలో తెలియదు. సెలవు మీద ఇంటికొచ్చే ఈ ఊరి సైనికుడు తుపాకీని సరిహద్దు చౌకీలో అప్పగించాలి. స్విస్ కస్టమ్స్ వాళ్లు ఒక పొడవాటి కోటు ఇచ్చేవారు. జర్మన్ యూనిఫాం కనపడకుండా అది కప్పుకుని, తటస్థ దేశం మీదుగా కాసేపు నడిచి ఇల్లు చేరాలి.

ఈ చిక్కులన్నిటికీ రెండు దేశాలూ 1964లో ఒప్పందం రాసుకున్నాయి. 1967లో అది అమల్లోకి వచ్చింది. దగ్గర్లోని ఫెరెనాహోఫ్ అనే ఇలాంటి మరో తునక, మూడిళ్లు, పదకొండు మంది జనం, అప్పుడే స్విట్జర్లాండ్‌లో కలిసిపోయింది. బ్యూసింగెన్ జర్మనీలోనే ఉండి, స్విస్ కస్టమ్స్ పరిధిలోకి వెళ్లింది. అంటే ఊరు యూరోపియన్ యూనియన్ దేశానిదే, అంగట్లో సరుకు మాత్రం యూనియన్ బయటిది. ఎక్కువగా చేతులు మారేది స్విస్ ఫ్రాంకే. పిన్‌కోడ్‌లు రెండు, ఫోన్ కోడ్‌లు రెండు. బండి ఏ కస్టమ్స్ పరిధిలోదో తెలియడానికి నంబర్ ప్లేట్ మీద ఊరి పేరుతోనే ప్రత్యేక అక్షరాలు. ఇక్కడ ఒకేసారి పదిమందికి మించి స్విస్ పోలీసులు ఉండకూడదని కూడా ఒప్పందంలో ఉంది. ఊరి ఫుట్‌బాల్ జట్టు ఆడేది స్విస్ లీగ్‌లో. ఇంతా చేసి ఆదాయపు పన్ను మాత్రం జర్మనీకే కట్టాలి. స్విట్జర్లాండ్‌లో పనిచేసి ఫ్రాంకుల్లో సంపాదించే ఊరివాళ్లకు అసలు బాధ అదే.

ఇక గడియారం సంగతి. 1980 ఏప్రిల్ 6న పశ్చిమ జర్మనీ వేసవి కోసం గంట ముందుకు జరిగింది. స్విస్ జనం 1978లోనే ఆ ఆలోచనను ఓటేసి తిప్పికొట్టారు. వ్యతిరేకతలో ముందున్నది రైతులు. పాలు పితికే వేళ మారిందని ఆవుకు ఎవరు చెబుతారు మరి? దాంతో చుట్టూ ఉన్న పెద్ద దేశాలన్నీ గంట ముందుంటే స్విట్జర్లాండ్ మాత్రం పాత టైమ్‌లో ఉండిపోయింది. దాని మధ్యలో ఉన్న బ్యూసింగెన్ ఏం చేస్తుంది? జర్మన్ చట్టాన్ని పక్కనపెట్టి పొరుగువాళ్ల గడియారాన్నే పాటించింది. సెప్టెంబర్ 28న జర్మనీ వెనక్కి వచ్చేదాకా దాదాపు ఆరు నెలలు ఇదే తంతు. మరుసటి ఏడాది స్విస్ వాళ్లూ దారికొచ్చారు.

టైమ్ జాబితా నిర్వాహకుల నియమం ఒకటే. 1970 తర్వాత ఎప్పుడైనా రెండు చోట్ల గడియారాలు వేరుగా నడిస్తే రెండింటికీ వేరు వేరు పేర్లుండాలి. 1980 నాటి ఆ ఆరు నెలల తేడాకు 2013లో బ్యూసింగెన్ పేరు జాబితాకెక్కింది. 1981 నుంచీ బెర్లిన్, బ్యూసింగెన్ గడియారాలు ఒక్క సెకను తేడా లేకుండా కలిసే నడుస్తున్నాయి. ఫోన్‌లో పేరు మాత్రం అలాగే ఉంది.