గాయని జీవితం తెరకెక్కించాలంటే: ఎడిట్ టేబుల్ దగ్గర వినే అపోహలు, అసలు వాస్తవాలు

మా ఎడిట్ రూమ్‌కి వచ్చే కుర్ర డైరెక్టర్లలో ఏటా ఒకరిద్దరైనా "అన్నా, ఒక సింగర్ లైఫ్ తీద్దామనుకుంటున్నా" అంటారు. ముందు అమెరికన్ జాజ్ గాయని బిల్లీ హాలిడే మీద వచ్చిన సినిమాలు చూసి రమ్మంటాను. జాజ్ తెలియకపోయినా పర్లేదు. 1915లో పుట్టింది. 1959లో న్యూయార్క్ ఆసుపత్రి మంచం మీదే డ్రగ్స్ కేసులో అరెస్టయి, గుమ్మం దగ్గర పోలీసు కాపలా పెట్టించుకుని, 44 ఏళ్లకే పోయింది. కష్టాలకు కొదవలేదు. డైరెక్టర్లు బోర్లా పడేదీ అక్కడే.

అపోహ: ఆత్మకథ ఉంటే సగం స్క్రిప్టు చేతిలో ఉన్నట్టే.

1956లో రచయిత విలియం డఫ్టీతో కలిసి ఆమె తెచ్చిన ఆత్మకథ అమ్మానాన్నల పెళ్లితో మొదలవుతుంది. నాన్నకి 18, అమ్మకి 16, తనకేమో మూడేళ్లట! ఓపెనింగ్ అదిరిపోయింది. కానీ వాళ్లకి అసలు పెళ్లే కాలేదు, పైగా వయసులో అమ్మే పెద్దది. అలాగని పుస్తకం పక్కన పడేయమనను. తన కథ ఎలా చెప్పుకోవాలనుకుందో అందులో తెలుస్తుంది. డైలాగులకి వాడుకోండి, తేదీలకి మాత్రం వద్దు.

అపోహ: ఇంట్లోవాళ్లు ఎన్‌ఓసీ ఇచ్చారు కాబట్టి అంతా నిజమే.

1972లో బిల్లీ మీద వచ్చిన సినిమా 'లేడీ సింగ్స్ ద బ్లూస్'కి సలహాదారు ఎవరనుకున్నారు? ఆమె చివరి భర్త లూయీ మెకే. తెర మీద ఆయన బంగారంలాంటి మనిషి, బయట ఆమెను కొట్టినవాడు. 2021 సినిమాలో డైరెక్టర్ లీ డేనియల్స్ ఆ లెక్క సరిచేశాడు గానీ, డ్రగ్స్ కేసు కోసం ఆమె మీద నిఘా వేసిన ప్రభుత్వ ఏజెంట్ జిమ్మీ ఫ్లెచర్‌తో ప్రేమకథ అల్లాడు. ఏజెంట్ నిజమే, ఆ ప్రేమ చాలావరకు కల్పన.

అపోహ: గొంతు అచ్చం దిగిపోవాలి.

1972 సినిమాలో బిల్లీగా చేసిన డయానా రాస్ తన గొంతుతో తనే పాడింది, పోలిక పెద్దగా లేదు. 2021 సినిమాలో చేసిన ఆండ్రా డే బాగా దగ్గరికి వచ్చింది. ఇద్దరికీ ఆస్కార్ నామినేషన్ వచ్చింది.

అసలు పట్టుకోవాల్సింది ఆలస్యాన్ని. బిల్లీ గొంతు పలికే మేర చిన్నది, ఒక స్థాయికి (స నుంచి పై స దాకా) కాస్త ఎక్కువ, అంతే. లైను మాత్రం బీటు వెనకాల తాపీగా వస్తుంది, ఇక తప్పిపోయిందనుకునేలోపు అందుకుంటుంది. ఒకసారి ఇలాంటి పాటే కట్ చేస్తుంటే మా అసిస్టెంట్ "సింక్ పోయింది సార్" అంటూ గొంతు ట్రాకుని బీటు మీదికి జరిపేశాడు. ప్లే చేస్తే అన్నీ కరెక్ట్‌గా ఉన్నాయి, పాట లేదు. కంట్రోల్ జెడ్ కొట్టి ఇద్దరం కాసేపు నోరు మెదపలేదు. 1958 నాటి ఆమె ఆల్బమ్ 'లేడీ ఇన్ శాటిన్' వినండి. గొంతు చిరిగిపోయింది, ఆ ఆలస్యం మాత్రం చెక్కుచెదరలేదు.

అపోహ: ఇంటిమేట్‌గా తీయడమంటే సిరంజి, బాత్‌రూమ్, క్లోజప్‌లో కన్నీళ్లు.

రషెస్‌లో, అంటే కట్ చేయని షూటింగ్ ఫుటేజ్‌లో, ఇవి కుప్పలుగా వస్తాయి. మూడో సిరంజికి ఎవడైనా ఫోన్ చూసుకుంటాడు.

నేను చూపించేది 1957 డిసెంబర్ 8న సీబీఎస్ టీవీలో లైవ్‌గా వచ్చిన పాట. బిల్లీ పాడుతూ మధ్యలో ఆగుతుంది. ఆమెకు 'లేడీ డే' అని పేరు పెట్టిన లెస్టర్ యంగ్ లేచి, శాక్సోఫోన్ మీద ఒక్క ఆవృత్తం వాయిస్తాడు. వాళ్లిద్దరూ అప్పటికి చాన్నాళ్లుగా దూరమయ్యారంటారు. కెమెరా ఆమె ముఖం మీదికి వెళ్తుంది. కనుబొమలు కొద్దిగా లేస్తాయి. ఆ స్వరం ఎటు వెళ్తుందో ముందే తెలిసినట్టు తల ఆడిస్తుంది, చిన్నగా నవ్వుతుంది. ఆమె చేస్తున్నదల్లా వినడమే. 1959లో నాలుగు నెలల తేడాతో ఇద్దరూ పోయారు.

మొన్న ఒక కుర్రాడు అది చూసి, "తర్వాత ఏడుస్తుందా అన్నా?" అన్నాడు.

లేదు. తర్వాతి చరణం అందుకుంటుంది. కాస్త ఆలస్యంగా.